యుగాన్ని కొలిచే బసవన్న

చేతి గడియారం నిమిషాలు చెబుతుంది. గోడమీది క్యాలెండర్ తేదీలు చెబుతుంది. మరి యుగం ఎంత గడిచిందో చెప్పేదెవరు? ఆ పని యాగంటి బసవన్నది అంటారు సీమవాసులు. ముళ్లు లేవు, అంకెలు లేవు. ఉన్నదల్లా ఓ పెద్ద రాతి నంది. అది పెరుగుతోందని, కలియుగాంతంలో లేచి రంకె వేస్తుందని తరతరాల నమ్మకం.

బనగానపల్లె దాటి కాస్త ముందుకెళితే ఎర్రమల కొండలు ఎదురవుతాయి. ఎండకు మాడిన రాళ్లు, మధ్య మధ్య ముళ్లకంపలు. ఆ కొండల ఒడిలో హఠాత్తుగా చల్లటి నీళ్ల చప్పుడు! నంది నోట్లోంచి కోనేట్లోకి జారే నీటిని చూస్తే ఇది కరవు సీమేనా అనిపిస్తుంది. ఇక్కడ శివుడు లింగంగా కాక, ఒకే శిలలో ఉమాదేవితో కలిసి ఉమామహేశ్వరుడిగా దర్శనమిస్తాడు. పైన గుహల్లో ఒకటి అగస్త్యుడిది, మరొకటి వేంకటేశ్వరుడిది, ఇంకొకటి వీరబ్రహ్మంగారిది. అగస్త్యుడి శాపం వల్ల యాగంటిలో కాకి వాలదనీ, కాకి రాని చోటికి దాన్నెక్కి తిరిగే శనీశ్వరుడూ రాడనీ చెబుతారు.

అంగుళం లెక్క

ఒకప్పుడు నంది చుట్టూ ప్రదక్షిణ చేసేవారట. నంది పెరిగి, మండపంలో దారి ఇరుకైందని స్థానికులు చెబుతారు. ఇరవై ఏళ్లకు ఒక అంగుళం... ఇదీ వాడుకలో ఉన్న లెక్క. సరదాగా ఆ లెక్కనే పట్టుకుందాం. పంచాంగం ప్రకారం కలియుగం 4,32,000 సంవత్సరాలు. క్రీస్తుపూర్వం 3102లో మొదలైంది. అంటే ఇప్పటికి గడిచింది అయిదువేల పైచిలుకే. యుగం మొత్తానికి బసవన్న పెరగాల్సింది 21,600 అంగుళాలు... అక్షరాలా 1,800 అడుగులు! కాబట్టి రంకె ఇప్పట్లో వినపడదు. పిల్లలు భయపడక్కర్లేదు.

కాలాన్ని ఇలా కొలిచే అలవాటు మనకు కొత్తకాదు. అరవై విఘడియలు ఒక ఘడియ, అరవై ఘడియలు ఒక రోజు, అరవై పేర్లు తిరిగితే ఒక సంవత్సర చక్రం. సీమలో ఆ పేర్లకు కన్నీళ్లు కూడా అంటుకున్నాయి. 1876-77 ధాత నామ సంవత్సరం. ఆ ఏటి కరవు ‘ధాత కరువు’గానే జనం నోట నిలిచిపోయింది. అదే పేరు 1936లో వచ్చింది, మళ్లీ 1996లో వచ్చింది. పంచాంగంలో అదొక పేరు మాత్రమే. ఇక్కడి పల్లెల్లో మాత్రం అదొక జ్ఞాపకం.

చింతచెట్టు కింద రేపటి కబుర్లు

బసవన్న రంకెను జనానికి గట్టిగా గుర్తుచేసింది పోతులూరి వీరబ్రహ్మేంద్రస్వామి కాలజ్ఞానం. బనగానపల్లెలో గరిమిరెడ్డి అచ్చమ్మ ఇంట పశువులు కాస్తూ, రవ్వలకొండ గుహలో కూర్చుని దాన్ని రాశారని కథ. తాళపత్రాలను పాతిపెట్టిన చోట చింతచెట్టు మొలిచిందంటారు. అదే నేటి చింతమాను మఠం. అక్కణ్నుంచి స్వామి ప్రయాణం కడప జిల్లా కందిమల్లాయపల్లెకు సాగింది. ఆయన అక్కడ సజీవ సమాధి అయ్యారని భక్తుల విశ్వాసం. ఆ ఊరే ఇవాళ్టి బ్రహ్మంగారిమఠం. ఏటా వైశాఖ శుద్ధ దశమికి ఆరాధనోత్సవాలు జరుగుతాయి. ఎన్టీఆర్ 1984లో ఆయన చరిత్రను తెరకెక్కించాక కాలజ్ఞానం ఇంటింటి కబురైంది. వింత ఏది జరిగినా ‘బ్రహ్మంగారు ఎప్పుడో చెప్పారు’ అనని పెద్దవాళ్లు మన ఇళ్లలో తక్కువే!

బూడిద చెప్పిన కాలం

బనగానపల్లె చుట్టుపక్కలే ఇంకో గడియారం ఉంది. ఇది నమ్మకం కాదు, నేలలో కళ్లకు కనిపించే పొర. జుర్రేరు వాగు లోయలోని జ్వాలాపురంలో మట్టి తవ్వితే తెల్లటి బూడిద బయటపడుతుంది. దాదాపు 74,000 ఏళ్ల కిందట ఇండోనేషియాలోని సుమత్రా దీవిలో తోబా అగ్నిపర్వతం బద్దలైంది. ఆ బూడిద రెండున్నర వేల కిలోమీటర్లకు పైగా గాలిలో ప్రయాణించి ఇక్కడ పడింది. వాన నీళ్లు లోయలోకి తోసుకొచ్చిన బూడిదతో కలిసి కొన్నిచోట్ల రెండు మీటర్లకు పైనే పేరుకుంది.

మైఖేల్ పెట్రాగ్లియా, రవి కొరిశెట్టర్ తదితర పరిశోధకులు ఆ పొర కిందా, పైనా రాతి పనిముట్లను గుర్తించారు. రెంటికీ దగ్గరి పోలికలున్నాయని 2007లో ‘సైన్స్’ పత్రికలో రాశారు. అంటే అంతటి ఉత్పాతం తర్వాత కూడా ఈ లోయలో మనుషులు నిలదొక్కుకుని ఉండొచ్చన్నమాట! యుగాంతం లాంటిది ఈ నేల ఒకసారి చూసేసింది. మర్నాడు మళ్లీ రాయి చెక్కుకుని బతుకు మొదలుపెట్టింది.

విచారమేమిటంటే, ఆ బూడిదను గిన్నెలు తోమే పొడి కోసం తవ్వుకుపోయారు. 74,000 ఏళ్లు ఆగిన కాలం వంటింటి గిన్నెల మీద అరిగిపోయింది! మిగిలిన పొరనైనా కంచె వేసి కాపాడి, అదేమిటో చెప్పే బోర్డు పెడితే యాగంటికి వచ్చే పిల్లలు అటూ వెళ్లి చూస్తారు. బసవన్నకు మండపముంది, పూజలున్నాయి, కాపాడే భక్తులున్నారు. బూడిదకు ఎవరూ లేరు.

వెళ్లాలంటే... నంద్యాల-ఎర్రగుంట్ల రైలు మార్గంలో బనగానపల్లె స్టేషనుంది. నంద్యాల, కర్నూలు నుంచి బస్సులూ ఉన్నాయి. 2022 నుంచి ఈ ప్రాంతం నంద్యాల జిల్లాలో ఉంది. పొద్దున్నే యాగంటి చూసుకుని, ఎండ ముదరకముందే రవ్వలకొండ, చింతమాను మఠం చుట్టిరావచ్చు. నంది ముందు నిలబడ్డప్పుడు మాత్రం చేతి గడియారం చూసుకోకండి. అక్కడ ఇరవై ఏళ్లంటే అంగుళమే!