టాఫీయు ముదురుపాకమును

పండుగనాడు పిల్లలకు పెట్టు తీపివస్తువు ఇంట చేసినదే మేలని మన పెద్దలు చెప్పుచుందురు. పరదేశపు తీపివస్తువును గూడ ఇంట చేసికొనవచ్చునని మేము ఈ సంక్రాంతికే తెలిసికొంటిమి. దానితోపాటు మరియొక సంగతియు మాకు తెలియవచ్చినది. ఆ రెండవదానిని చెప్పుటకే ముఖ్యముగా ఇది వ్రాయుచున్నాము.

మేమిద్దరము తోడికోడండ్రము. మా చిన్న మరిది ఇంగ్లండునుండి వచ్చుచు ఒక రేకుపెట్టెనిండ టాఫీ తెచ్చెను. చక్కెరయు వెన్నయు కలిపి కాచి, బాదముపలుకులు చేర్చి, పైన చాక్లెట్టు పూసిన బిళ్ళలవి. కొరికినంతనే ఫెళ్ళున విరుగును. పిదప నోట కరగిపోవును. పిల్లలు రెండు దినములలో పెట్టె ఖాళీచేసి, పండుగకు అరిసెలతోపాటు అదియు కావలెనని పట్టుపట్టిరి.

చక్కెర, వెన్న, పప్పు మన యింట లేనివా యని మేము పూనుకొంటిమి. బాదమునకు మారుగా పలాస జీడిపప్పు ఉండనే యున్నది. చాక్లెట్టు మాత్రము కొనవలసివచ్చెను. కోకోచెట్టు పుట్టినిల్లు దక్షిణ అమెరికా. ఎన్నియో తరములు జనులు దానిని ముఖ్యముగా పానీయముగా వాడుకొనిరి. కొరికి తిను చాక్లెట్టుబిళ్ళను 1847లో బ్రిస్టలు నగరమున ఫ్రై వారు తయారుచేసిరి. నేడు ఆ చెట్టు మన ఏలూరు ప్రాంతమున కొబ్బరితోటల నీడను పెరుగుచున్నది. మన దేశమున కోకో ఎక్కువగా పండునది ఆంధ్రప్రదేశముననే. కావున దీనిని పరాయివస్తువని జంకనక్కరలేదనుకొంటిమి.

మొదటిసారి తొందరపడి మంట పెద్దది చేసితిమి. వెన్న నూనెవలె పైకి తేలి, చక్కెర అడుగున ఇసుకవలె మిగిలెను. రెండవసారి మాడునేమో యను భయముతో ముందుగానే దింపితిమి. చల్లారిన పిదప అది బంకవలె సాగి పిల్లవాని పండ్లకు పట్టుకొనెను. పాకము వేడి 150 డిగ్రీలు కావలెనని చదివితిమి గాని, దానిని కొలుచు పరికరము మా యింట లేదు.

మా యత్తగారికి చూపు మందగించినది. రెండేండ్ల క్రిందట మరుగు నూనె చేతిపై పడి బొబ్బలెక్కెను. నాటినుండి "మీరు కూర్చోండి అత్తయ్యా, మేము చేసుకుంటాము" అని ఆమెను వంటయింటికి రానీయకుంటిమి. కోడండ్రన్న నిట్లుండవలెనని ఇరుగుపొరుగువారు మమ్ము మెచ్చుకొనిరి. ఆమె ఏమియు అనలేదు. మేమును అడుగలేదు.

మూడవసారి పాకము పెట్టినప్పుడు ఆమె వసారాలో కూర్చుండి జపము చేసికొనుచుండెను. మేము గిన్నె దింపబోవుచుండగా, "అప్పుడే దింపకండే! ఇంకా నీళ్ళు చిటపటలాడుతున్నాయి" అని కేక వేసెను. మేము తెల్లబోయితిమి. "సెగ తగ్గించి కలుపుతూ ఉండండి. చప్పుడు బరువెక్కుతుంది. అప్పుడు చెప్తాను" అనెను.

ఆమెను చేయిపట్టి తెచ్చి, పొయ్యికి దూరముగా పీటపై కూర్చుండబెట్టితిమి. కొంతసేపటికి చిటపట లణగి, బుడగలు చిక్కబడి మెల్లగా పగులసాగెను. కమ్మని వాసనయు వచ్చెను. "ఇప్పుడు చన్నీళ్ళలో ఒక బొట్టు వెయ్యి" అనెను. ఆ బొట్టు బిగిసి పలుకయ్యెను. దానిని కంచుపళ్ళెమున వేయించుకొని ఆమె చెవియొగ్గి వినెను. ఖణీమని మ్రోగెను. "ఇదే ముదురుపాకం. దింపండి!" అనెను.

అరిసెలకు ఉండపాకము, పప్పుచెక్కకు ముదురుపాకము అని ఎరుగని యిల్లాలుండదు. చక్కెరపాకములోని నీరు ఇగిరినకొలది దాని వేడి పెరుగును. నీరు దాదాపుగా పోయినప్పుడే పాకము చల్లారి పెళుసుగా విరుగును. పొయ్యిమీది చప్పుడు మారుటకు కారణమును ఇదియే. 150 డిగ్రీలని అచ్చులో మేము చదివినదానిని ఆమె చెవితో వినుచున్నది. మా యింటి కొలతపరికరమును రెండేండ్లుగా వసారాలో కూర్చుండబెట్టినవారము మేమే.

చేయగోరు సోదరీమణులకు కొలతలు చెప్పెదము. వెన్న 200 గ్రాములు, చక్కెర 200 గ్రాములు, నీరు రెండు చెంచాలు, ఉప్పు చిటికెడు, దోరగా వేయించి నలియగొట్టిన జీడిపప్పు 150 గ్రాములు, చాక్లెట్టు 150 గ్రాములు. ఇంటివెన్న యైనచో మజ్జిగ పోవునట్లు కడిగి నీరు పిండవలెను. అడుగు మందముగల గిన్నెలో పప్పును చాక్లెట్టును తప్ప తక్కినవన్నియు వేసి సన్నని సెగపై విడువక కలుపవలెను. వెన్న విడివడినట్లు తోచినచో సెగ తగ్గించి, ఒక చెంచా వేడినీరు జాగ్రత్తగా చేర్చి కలిపిన తరచుగా మరల కలిసికొనును. ముదురుపాకము రాగానే, నెయ్యి రాచి సగము పప్పు పరచిన పళ్ళెములో పోయవలెను.

చాక్లెట్టును ముక్కలు చేసి, వేడినీటి గిన్నెపై మరియొక గిన్నె నుంచి ఆవిరిచే కరగింపవలెను. అందులో ఒక్క నీటిబొట్టు పడినను అది ముద్దకట్టి గరుకుదేలును. కరగినదానిని, పాకము గట్టిపడిన పిదప దానిపై పలుచగా పూసి, మిగిలిన పప్పు చల్లి, ఫ్రిజ్జులో అరగంట యుంచి విరుచుకొనవలెను. చెమ్మగాలి తగిలిన టాఫీ జిగటయగును; కావున మూత బిగువైన డబ్బాలో దాచవలెను.

ఆనాడు చేసినది చక్కగా కుదిరెను. మొదటి ముక్క అత్తగారి చేతిలో పెట్టితిమి. ఆమె వ్రేళ్ళతో తడవి, కొరికి, "ఇది మన పప్పుచెక్కేనే! నల్లకోక కట్టారంతే" అనెను. కోకో యను పేరు విని మరింత నవ్వెను. ఆమె అట్లు నవ్వగా విని ఎంతకాలమైనదో మాకు జ్ఞప్తికి రాలేదు.

మా భయము అబద్ధము కాదు. కాగిన పాకము మరుగునీటికంటె మిక్కిలి వేడియై, చర్మమునకు అంటుకొని కాల్చును. ఆమెను ఇప్పుడును పొయ్యివద్దకు పోనీయము. కాని పొయ్యి వేఱు, వంటయిల్లు వేఱు. చేయి కాలునను భయముతో ఆమె చెవిని, ముక్కును, అరువదియేండ్ల అనుభవమును గూడ వసారాకు పంపితిమి. దానినే సేవ యనుకొంటిమి.

మరునాటి యుదయమున మేము పిలువకమునుపే ఆమె గోడ పట్టుకొని వంటయింటి గడపవద్దకు వచ్చి, "నా పీట ఎక్కడ వేశారే?" అని అడిగెను. పీట వేసితిమి. అది నేటికిని అచ్చటనే యున్నది. పోపు వేగినదో లేదో ఆమె చెప్పుచున్నది. మేము గరిటె త్రిప్పుచున్నాము.