కాకి పెంచే బిడ్డ

పిల్లలూ! వేసవిలో "కుహూ" అని వినబడగానే మీరూ "కుహూ" అని వెక్కిరిస్తారు కదూ? అది రెట్టించి కూస్తుంది. అలా కూసేది ఆడకోయిల అని చాలామంది అనుకుంటారు. కాదు, మగది. దాని వొళ్లు నిగనిగలాడే నలుపు, కళ్లు ఎరుపు. ఆడది గోధుమవన్నె, వొంటినిండా తెల్లచుక్కలు. ఆకుల మధ్య కంటబడటమే కష్టం.

కోయిల గూడు కట్టదు. ఆ పని కాకిది. పాతబస్తీలో మేముండే షాలిబండ వీధిలో ఒక వేపచెట్టు వున్నది. కాకులు పుల్లలూ, ఇనపతీగ ముక్కలూ యేరి తెచ్చి దానిమీద గూడు కడతవి. ఒకనాడు మగకోయిల గూటిపక్కనే వాలి గొంతు చించుకున్నది. కాకులు రెండూ మండిపడి దాన్ని పక్కవీధి మేడలదాకా తరిమినవి. అంతదాకా యెక్కడ నక్కి వున్నదో, ఆడకోయిల గూట్లో దూరి క్షణంలో బయటికి వచ్చింది. గుడ్డు పెట్టేందుకు అది పన్నే యెత్తు ఇదే.

కోయిలగుడ్డు కాకిగుడ్డుకన్న చిన్నదే గాని, రంగూ మచ్చలూ ఇంచుమించు ఒకటే. కాకి పోల్చుకోలేక పొదుగుతుంది. తన గుడ్డు పిల్ల కావడానికి 16, 17 రోజులు పడితే, కోయిలగుడ్డుకు 12 నుంచి 14 రోజులు చాలు. ముందు పుట్టినది ముందు నోరు తెరుస్తుంది. వెనక పుట్టిన కాకిపిల్లలు ఒక్కొక్కప్పుడు మేత చాలక చనిపోతవి.

ఇంగ్లండులోని కోయిలజాతి పక్షి ఇంకా ఘోరం. దాని పిల్ల కళ్లు తెరవకముందే తక్కిన గుడ్లను వీపుతో బయటికి తోసేస్తుంది. మశూచికి టీకా కనిపెట్టిన జెన్నరు 1788లో ఈ సంగతి ప్రకటిస్తే నమ్మనివారు చాలామంది. మన కోయిలపిల్ల సాధారణంగా అంతపని చేయదు.

"అయితే కోయిల దొంగే కదా, మాష్టారూ?" అంటారు మీరు. దొంగకు తాను చేసేది దొంగతనమని తెలుసు. కోయిలకు తల్లి ముఖమే తెలియదు, యెవరు నేర్పుతారు? కాకి పోల్చుకోలేని గుడ్లు పెట్టిన కోయిలల సంతతి తరతరాలుగా నిలిచింది. తక్కినవాటి గుడ్లు దక్కలేదు. అంతే. కాకి మాత్రం తక్కువదా? ఇతర పక్షుల గుడ్లు కాజేస్తుంది. అయినా, కవులు కాకిని అన్నేసి మాటలు అనడం నాకు నచ్చదు. అమరకోశకర్త నయం: కోయిలకు "పరభృతం" అనీ, కాకికి "పరభృత్" అనీ పేర్లు చెప్పాడు. ఒకటి పరులచేత పెంచబడేది, రెండవది పరులను పెంచేది!

వానలు మొదలయ్యాక కొమ్మలకేసి చూడండి. చుక్కల రెక్కల పిల్ల ఒకటి నోరు తెరిచి అరుస్తూంటే, నల్లని కాకి దాని నోట్లో మేత కుక్కుతూ కనబడవచ్చు.