తాతగారి రైఫిలు

తెలుగు సంఘం వారి సంచికకు వ్యాసం వ్రాయమని అడిగితే, తుపాకి గొట్టాన్ని శుభ్రం చేయడం గురించి వ్రాసి పంపారేమిటని చదువరులు ఆశ్చర్యపడవచ్చు. పండుగలూ, పాటలూ, పూర్వుల వలసలూ ఉండగా ఈ ఇనుప వస్తువు గొడవ ఎందుకని కూడా అనవచ్చు. మా ఇంట తరతరాలుగా వస్తున్న ఆస్తులలో భూమి కొంత, భాష కొంత, తాతగారి రైఫిలు ఒకటి. మూడవదాని విషయంలో మేము నేర్చుకొన్న పాఠం మొదటి రెంటికీ పనికివచ్చేదిగా తోచినందువల్ల ఈ నాలుగు మాటలు వ్రాస్తున్నాము.

మాది హోసూరు ప్రాంతం. డెంకణికోట అడవుల అంచున రాగి చేలు గల కుటుంబం. ఇషాపూరు కర్మాగారంలో తయారైన .315 స్పోర్టింగ్ రైఫిలును తాతగారు పంట కాపలా నిమిత్తం కొన్నారు. అప్పుడు మా తాలూకా సేలం జిల్లాలో ఉండేది. 1965లో ధర్మపురి జిల్లా ఏర్పడినది, 2004లో కృష్ణగిరి జిల్లా వచ్చినది. మేము ఇల్లు కదలలేదు, చేను కదలలేదు. అయినా ఆ రైఫిలు కాగితాలపై మూడు జిల్లాల ముద్రలు పడ్డాయి. తాతగారి తరువాత నాయనగారి పేరునకు, నాయనగారి తరువాత మా పేరునకు లైసెన్సు వచ్చినది. 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం తరువాత మా ఇంట వేట అన్న మాట లేదు. అనుమతి గల మైదానంలో ఎప్పుడో ఒకమారు గురి చూచి కాల్చడమే మిగిలినది.

ఏటేటా మహానవమినాడు మాత్రం దానికి రాజభోగం. నాగలి, కొడవలి, నీళ్ల మోటారు, పిల్లల పుస్తకాలు, వాటి నడుమ రైఫిలు. కొయ్య భాగానికి నూనె రాసి, గొట్టం పైభాగం మెరిసేదాకా తుడిచి, గంధం పూసి, కుంకుమ బొట్టు పెట్టి, బంతిపూల దండ వేసేవాళ్లం. చూడవచ్చిన బంధువులు, ‘మీ ఇంట పెద్దల వస్తువును ఎంత భద్రంగా కాపాడుతున్నారు!’ అని మెచ్చుకొనేవారు. మేమూ ఆ మెప్పుకు పొంగిపోయేవాళ్లం.

తాతగారి కాలంలో పద్ధతి వేరుగా ఉండేది. తుపాకి కాల్చిన రోజున ఆయన ముందు భోజనానికి కూర్చొనేవారు కారు. వంటింట్లో నీళ్లు మరిగించి, గొట్టం వెనుకభాగాన గరాటు పెట్టి, ఆ నీటిని మూతి గుండా పోయేటట్లు ధారగా పోసేవారు. నూనె వంపుకొనే గరాటును తుపాకికి వాడుతున్నారని మా అవ్వ రోజూ సణిగేది. చివరికి ఆయన తుపాకి కోసం వేరే గరాటు కొనుక్కొన్నారు. వేడి నీటితో గొట్టం కూడా వేడెక్కి, తడి త్వరగా ఆరేది. పిదప పొడిగుడ్డ, దాని తరువాత పలుచగా నూనె. నాయనగారు చదువుకొన్నవారు. ఇనుముకు నీళ్లు పోయడం ఏమి తెలివి అని నవ్వి, ఆ ఆచారాన్ని మాన్పించి, నూనెగుడ్డ ఒక్కటే లాగి ఊరుకొనేవారు. మేము ఆ నూనెగుడ్డను కూడా మరచి, పైపూతతో సరిపెట్టుకొన్నాము. దీనికి తోడు, ఎన్నికలు వచ్చినప్పుడల్లా ఆయుధాన్ని అప్పగించడం, అవి ముగిశాక నెలల తరువాత తెచ్చుకోవడం. తెచ్చుకొన్నవాళ్లం పెట్టెలో పెట్టి తాళం వేసేవాళ్లమే గాని లోపల చూచినవాళ్లం కాము.

మా అమ్మాయి కళాశాలలో ఎన్.సి.సి.లో చేరినది. ఒక ఆయుధపూజకు ముందు, మేము గొట్టాన్ని పైన తుడుస్తూ ఉండగా వచ్చి నిలబడి, ‘నాయనా, దీనికి పుల్‌త్రూ వేసి ఎన్నాళ్లయింది?’ అని అడిగినది. మాకు జవాబు తోచలేదు. 4 అంగుళాల పొడవు, 2 అంగుళాల వెడల్పు గల చిందీ గుడ్డ శుభ్రానికని, 4కు ఒకటిన్నర అంగుళాలది నూనెకని తమకు నేర్పినట్లు చెప్పి, మేమెన్నడూ ఆ కొలతలు విననందుకు నవ్వినది. ఆ నవ్వు మాకు గుచ్చుకొన్నది.

పట్టణంలోని ఆయుధాల దుకాణంలో గొట్టం లోపలి మురికిని కరిగించే నురగ ద్రావకం డబ్బా ఒకటి తెచ్చాము. లైసెన్సు మా పేరున ఉన్నది కనుక రైఫిలు మా చేతిలోనే ఉన్నది. అమ్మాయి ప్రక్కన నిలిచి డబ్బా మీది సూచనలు చదివినది. మొదట మాగజైన్ తీసి, బోల్టు వెనుకకు లాగి, తూటా ఉండే గది ఖాళీగా ఉన్నదని కంటితోనూ వ్రేలితోనూ రెండుమార్లు నిశ్చయించుకొన్నాము. పిదప బోల్టును పూర్తిగా ఊడదీశాము. తలుపులు, కిటికీలు తెరిచి, చేతులకు తొడుగులు వేసుకొని, రైఫిలును మూతి పల్లానికి ఉండేటట్లు ఆనించి, మూతి క్రింద పాతగుడ్డ పరిచాము. ద్రావకం వెనుకకు కారితే లోపలి యంత్రభాగాలలోకి, కొయ్యలోకి దిగి చెరుపు చేస్తుంది. వెనుకనుండి సన్నని గొట్టంతో నురగ వదలగా, అది పొంగి పొంగి మూతి దగ్గర తెల్లని మొగ్గవలె బయటికి వచ్చినది.

నురగ ఎందుకన్న సందేహం మాకూ కలిగినది. నీటివంటి ద్రావకం పోస్తే అడుగుభాగాన్ని తడిపి జారిపోతుంది. నురగ అయితే గొట్టమంతా నిండి, పైగోడను కూడా అంటిపెట్టుకొని కొంతసేపు నిలుస్తుంది. రైఫిలు గొట్టం లోపల గుండును తిప్పే మెలిక గాడులు ఉంటాయి. ఆ గాడుల మూలలలోకి సైతం అది చేరుతుంది. డబ్బా మీద చెప్పినంతసేపే ఆగాలి. అమోనియా గల ద్రావకాన్ని రాత్రంతా ఉంచితే ఉక్కుకే హాని కలుగవచ్చు.

గడువు ముగిశాక కడ్డీకి గుడ్డ చుట్టి వెనుకనుండి త్రోశాము. మూతిలోనుండి వచ్చిన గుడ్డ మైలుతుత్తం రంగులో ఉన్నది! గుండుకు పైన రాగి మిశ్రమ లోహపు తొడుగు ఉంటుంది. కాల్చినప్పుడల్లా అందులో కొంత గాడులకు అంటుకొంటుంది. అమోనియా ఆ రాగిని పట్టి నీలమై బయటికి వస్తుంది. అవ్వ రాగి బిందెల చిలుమును చింతపండుతో వదలగొట్టడం చూచిన కళ్లకు ఇది మరీ వింత కాదు. ఆమె చేతిలో ఆమ్లం చేసే పని ఇక్కడ క్షారం చేసినది. అమ్మాయి మాత్రం కడ్డీ కొనను చూపి, ‘అది ఇత్తడిది, నాయనా. దాని రాగి కూడా నీలం చూపిస్తుంది, మోసపోవద్దు’ అన్నది. ప్లాస్టిక్ కొన తగిలించి మళ్లీ మొదలుపెట్టాము. రెండవమారు నీలం, మూడవమారు లేతనీలం, అయిదవమారు తెల్లగుడ్డ తెల్లగానే వచ్చినది.

మేము సంతోషించి, గొట్టం ఒక చివర దీపం పెట్టి రెండవ చివరనుండి చూశాము. అద్దంవంటి గొట్టం కనబడుతుందనుకొన్నాము. గాడుల వెంట మశూచి మచ్చలవంటి గుంటలు కనబడ్డాయి. ఇన్నాళ్లూ రాగిపూత వాటిని కప్పి ఉంచినది. నురగ వాటిని పుట్టించలేదు, మాకు చూపించినది, అంతే.

అప్పుడు తాతగారి గరాటు గుర్తుకు వచ్చినది. పూర్వపు తూటాల కాప్‌లలో పొటాషియం క్లోరేట్ వాడేవారు. అది పేలినప్పుడు పొటాషియం క్లోరైడ్‌గా మారి గొట్టంలో మిగులుతుంది. మన వంటింటి ఉప్పుకు చుట్టమే. గాలిలోని తేమను పీల్చి, నూనె క్రింద దాగి, ఉక్కును తింటుంది. నూనెలో అది కరగదు, నీటిలో కరుగుతుంది. నల్ల తుపాకిమందు మసి కూడా చాలవరకు నీటికే లొంగుతుంది. తాతగారికి ఈ రసాయనశాస్త్రం తెలిసి ఉండదు. ఆయనకు తెలిసినది పద్ధతి. నాయనగారు ఆ పద్ధతిని కారణం అడగకుండా మానిపించారు. మేము కారణం తెలుసుకోకుండానే పూజ సాగించాము.

తుపాకులు బాగుచేసే పెద్దాయన గొట్టాన్ని పరిశీలించి, ‘ఇక దీనిని కాల్చకండి, అయ్యా. మురికి పోతుంది గాని, పోయిన ఉక్కు రాదు’ అన్నారు. రైఫిలును ఆయన చేతినుండి అందుకొన్నప్పుడు అది ఎన్నడూ లేనంత బరువుగా తోచినది. అడవి అంచున మూడు తరాల పంటకు కావలి ఉన్న ఆయుధం, పగవారి చేతిలో గాక పూజచేసిన చేతులలోనే చెడిపోయినది.

కాల్చకుండా ఉంచుకోవడానికైనా లైసెన్సు కావలసినదే, శుభ్రత కావలసినదే. అందుచేత ఇప్పుడు మా ఇంట నవమినాటి వరుస మారినది. ముందు గొట్టం లోపల చూస్తాము. చిందీ లాగి, అది తెల్లగా వచ్చినదాకా ఆగి, పలుచగా నూనె పూస్తాము. గంధం, కుంకుమ ఆ తరువాతనే. తాతగారి గరాటు కూడా అటకమీదనుండి దిగి పూజలో చేరినది.

పరప్రాంతంలో స్థిరపడిన మనవంటి కుటుంబాలలో భాషకు కూడా ఇటువంటి పూజలే జరుగుతున్నవేమో ఆలోచించాలి. ఉగాదినాడు వేదికమీద పద్యం చదివిన పిల్లవాడు ఇంటికి వచ్చి తల్లికి ఉత్తరం వ్రాయలేకపోతే, మనం మెరిపిస్తున్నది పైభాగమే. ఎవరినీ తప్పుపట్టి ఈ మాట అనడం లేదు. లోపల చూడక పోగొట్టుకొన్నవాళ్లలో మేమే ముందున్నాము. ఇప్పుడు మా అమ్మాయి వారానికొకమారు మా ఎదుట కూర్చొని తెలుగులో ఒక పుట వ్రాస్తున్నది. తప్పులు చాలానే ఉంటున్నాయి. దిద్దుతున్నాము.