రాచకొండ మొర్రి పండ్లు

ఎండాకాలం సాగర్ రోడ్డు మీద మన్నెగూడ దాటుతుంటే బుట్టల్లో మొర్రి పండ్లు కనబడతాయి. గ్లాసుతో కొలిచి పొట్లం కట్టిస్తారు. శనగగింజ కన్నా కాస్త పెద్దవి, నల్లవి. పైన పలచగా తియ్యటి గుజ్జు, లోపల గట్టి గింజ. గుజ్జు చప్పరించి గింజ ఉమ్మేస్తాం. సారపప్పు ఉండేది ఆ గింజలోనే. బేగంబజారులో చిరోంజీ అని అడిగితే బాదం కన్నా ఎక్కువ ధర చెప్పి తూచేది, రంజాన్‌కు షీర్ ఖుర్మాలో వేసేది ఈ పప్పే.

‘రాచకొండ గుట్టలవి సారూ’ అంది బుట్ట ముందు కూర్చున్నామె. చెట్టు చూస్తానంటే తన వదినను అడగమంది. ఇబ్రహీంపట్నం, మంచాల, ఆరుట్ల మీదుగా రాచకొండ వెళ్లాను. రేచర్ల పద్మనాయకులు 14వ శతాబ్దంలో ఏలిన కోట అది. చూడటానికి వచ్చేవాళ్లు ద్వారాల దగ్గర ఫొటోలు దిగి వెళ్లిపోతారు. కింది తండాల వాళ్లకు ఆ గుట్టలంటే సీతాఫలం, తునికి, మొర్రి.

బుట్ట ఆమె వదినా నేనూ తెల్లారకముందే బయల్దేరాం. మొర్రి చెట్టు మరీ ఎత్తు పెరగదు. ముదురు చెట్టు బెరడు మొసలి వీపులా పలకలు పలకలుగా పగిలి ఉంటుంది. ఆకు మందంగా, కొస మొండిగా ఉంటుంది, ఈనెలు తిన్నగా కనబడతాయి. ఇదే కుటుంబానికి చెందిన నల్లజీడి కూడా అడవుల్లో ఉంటుంది, ఆకు ఇంకా చాలా పెద్దది. దాని గింజ నారింజ రంగు గుజ్జు మీద కూర్చున్నట్టుంటుంది. వెనకటికి చాకళ్లు బట్టల మీద గుర్తులు పెట్టింది ఆ గింజ రసంతోనే. అది ఒంటికి తగిలితే బొబ్బలెక్కుతుంది.

పండు కోయడానికి కర్ర వాడలేదు. వదిన కొమ్మ వంచి దులిపింది, పండినవి కింద పరిచిన చీర మీద రాలాయి. పచ్చివి కొమ్మనే పట్టుకుని ఉన్నాయి. ‘పచ్చిది తెంపితే గింజ తాలు పోతది’ అంది. మరి పక్క చెట్టుకు కొమ్మలెందుకు నరికి ఉన్నాయని అడిగాను. ‘మనం ఆగినా ఇంకొకరు ఆగరు గద సారూ.’ పండకముందే కోయడం, కోయడానికి కొమ్మలు నరకడం, ఈ రెండే మొర్రిని ఎక్కువగా దెబ్బతీస్తున్నాయని నాకనిపించింది. నేల మీద పడి మొలకెత్తాల్సిన గింజ కూడా మిగలదు.

తండాకు వచ్చాక పప్పు తీసే పద్ధతి చూపించింది. పండ్లను రాత్రంతా నానబెట్టి, గోనెసంచి మీద రుద్ది గుజ్జు వదిలిస్తారు. కడిగిన గింజలను ఎండబెట్టి ఇసుర్రాయిలో పోస్తారు. కిటుకంతా రాళ్ల మధ్య సందులో ఉంది. తక్కువైతే పప్పు పిండవుతుంది, ఎక్కువైతే పెంకు పగలదు. ఆమె రెండు గింజలు వేసి తిప్పి, చూసి, రాయి సర్దుకుని అప్పుడు దోసెడు పోసింది. చాటతో చెరిగితే పెంకులు ఎగిరి, కందిపప్పంత గోధుమరంగు పప్పు మిగిలింది. దానిలో సగానికి పైగా నూనే కాబట్టి తొందరగా కనరు వాసన వస్తుంది. అందుకే గింజగానే దాచి, కావలసినప్పుడు పగలగొట్టుకుంటారు.

ఏజెన్సీ ప్రాంతాల్లో అటవీ ఉత్పత్తులు కొనడానికి 1956లోనే గిరిజన సహకార సంస్థ ఏర్పడింది. 2020లో కేంద్రం సవరించిన మద్దతు ధరల పట్టికలో పెంకుతో ఉన్న సారగింజ కిలో 126 రూపాయలు. ఈ లెక్క చెబితే వదిన తల అడ్డంగా ఊపింది. పప్పు చేతికి రావాలంటే రెండు మూడు రోజుల పని, అడిగి కొనేవాడు ఇక్కడికి రాడు. పండైతే పొద్దున దులిపింది మధ్యాహ్నానికి సాగర్ రోడ్డు మీద డబ్బవుతుంది. ఆమె లెక్క తప్పని నేననలేను. వాళ్లు పప్పుకు నానబోసేది సాయంత్రం అమ్ముడుపోక తిరిగొచ్చిన మెత్తటి పండ్లనే, అదీ ఇంట్లో పాయసానికి సరిపడా.