కడలి అడుగున ఒక పొరుగుబంధం

రెండిళ్ల మధ్య ఒకే బావి ఉన్నప్పుడు, తగవు వచ్చిననాడు నీటికంటె ముందు చేద ఎవరి చేతిలో ఉన్నదని చూస్తారు. రష్యా, జర్మనీల మధ్య బాల్టిక్ సముద్రం అడుగున పరచిన నార్డ్ స్ట్రీమ్ వాయుమార్గం కథ అటువంటిది.

వీబోర్గ్ సమీపాన మొదలై జర్మనీ తీరంలోని లుబ్మిన్ వరకు 1,224 కిలోమీటర్ల పొడవున జంట గొట్టాలు. పన్నెండు మీటర్ల ఉక్కు ముక్కలు ఒక్కొక్క వరుసకు సుమారు లక్ష. సముద్రపు టడుగున కదలక పడివుండేందుకు వాటికి కాంక్రీటు తొడుగు. ఓడ మీదనే ముక్కకు ముక్క అతికి, ప్రతి అతుకును పరీక్షించి, వెనుకనుంచి మెల్లగా నీటిలోకి జారవిడిచారు. దారిలో ప్రపంచయుద్ధాలనాటి మందుపాతరలు ఎదురైతే తొలగించారు. ఒకప్పుడు పరస్పరం ముంచుకోజూసిన దేశాలు అదే నీటి అడుగున ఇచ్చిపుచ్చుకోవడం ఆనాడు శుభశకునంగానే తోచి ఉండాలి.

రష్యా ఒడ్డున వాతావరణ పీడనానికి సుమారు 220 రెట్ల ఒత్తిడితో వాయువును లోనికి నెట్టేవారు. నడుమ మళ్ళీ నెట్టే యంత్రమంటూ లేదు. ఆ ఒక్క తోపుతోనే అది జర్మనీ చేరాలి.

2011 నవంబరు 8న మెర్కెల్, మెద్వెదేవ్ దీనిని ప్రారంభించారు. దారిలో పోలెండు లేదు, ఉక్రెయిన్ లేదు. మధ్యవర్తికి ఇవ్వవలసిన రుసుమూ లేదు. ఆ రెండు దేశాలూ మొదటినుంచీ అభ్యంతరం చెప్పాయి. దానిని రుసుము పోయినవారి దుగ్ధగా కొట్టివేయడం తేలికే గాని, అందులో భయం కూడా ఉన్నది.

ఓడలో వచ్చే సరకు సంగతి వేరు. గుజరాత్‌లోని దహేజ్ రేవుకు 2004లో ఖతార్ వాయువు ద్రవరూపంలో ఓడలపై రావడం మొదలైంది. ఒకరు కాదంటే మరొకరి ఓడ రాగలదు. గొట్టానికి రెండే కొనలు. 1990లలో ఒమాన్ నుండి మన దేశానికి అరేబియా సముద్రం అడుగున అటువంటి గొట్టమే వేయాలని తలపోశారు. దాదాపు మూడున్నర కిలోమీటర్ల లోతు చూసి వెనుకాడారు. బాల్టిక్‌లో గొట్టం దిగిన అత్యధికమైన లోతు 210 మీటర్లే. అక్కడ అడ్డు లోతు కాదు.

2021లో జర్మనీ దిగుమతి చేసుకున్న వాయువులో సగానికి పైగా రష్యాదే. రెండవ జంట గొట్టాలు కూడా ఆ ఏడే పూర్తయ్యాయి గాని, 2022 ఫిబ్రవరి 22న జర్మనీ వాటి అనుమతిని నిలిపివేసింది. రెండు రోజులకు రష్యా ఉక్రెయిన్‌పై దండెత్తింది. వేసవిలో పాత గొట్టాల ప్రవాహం విడతలుగా సన్నగిల్లింది. యంత్రాల మరమ్మతని రష్యా, సాకని జర్మనీ. ఆగస్టు చివరికి పూర్తిగా ఆగింది.

సెప్టెంబరు 26న బోర్న్‌హోమ్ ద్వీపం దాపున పేలుళ్లు జరిగాయి. భూకంపమాపకాలు సైతం వాటిని పసిగట్టాయి. నాలుగు గొట్టాలలో మూడు పగిలి, ఒకచోట కిలోమీటరు మేర సముద్రం కుతకుత ఉడికినట్లు బుడగలు లేచాయి. నాలుగవది అలాగే మిగిలింది. డెన్మార్క్, స్వీడన్ 2024 ఫిబ్రవరిలో, దోషి ఎవరో చెప్పకుండానే తమ దర్యాప్తులు ముగించాయి.

అంతకు ఏడాది ముందే, 2023 జనవరిలో, లుబ్మిన్‌లోనే ద్రవవాయువును దించుకొనే తేలుడు కేంద్రాన్ని తెరిచారు. అక్కడ నీటికి లోతు చాలదు. పెద్ద ఓడ దూరాన లంగరు వేసుకొంటే, చిన్న ఓడలు కొంచెం కొంచెంగా సరకును ఒడ్డుకు చేరవేసేవి.