నీళ్లు మోయని బాకీ

పాపాలు పారేసుకోవడానికి యూదులకు ఏడాదికి ఒక మధ్యాహ్నం ఉంది. వాళ్ల కొత్త సంవత్సరం రోష్ హషానా మొదటి రోజున నది ఒడ్డుకో, సముద్రానికో, ఏదీ లేకపోతే ఊరి బావి దగ్గరికో వెళ్లి ప్రార్థన చదువుతారు. జేబులు తిరగేసి దులుపుతారు. దీన్ని తష్లిఖ్ అంటారు. 'పారేస్తావు' అని అర్థం. దేవుడు మన పాపాలన్నిటినీ సముద్ర గర్భంలో పడేస్తాడని మీకా ప్రవక్త అన్న మాట దీనికి ఆధారం.

చేపలున్న నీళ్లయితే మరీ మంచిదట. పాపాలకు బదులు రొట్టె ముక్కలు విసిరే వాళ్లూ ఉన్నారు. ఈ ఆచారాన్ని మొదట నమోదు చేసిన పదిహేనో శతాబ్దపు జర్మనీ రబ్బీ యాకోబ్ మోలిన్ మాత్రం పండగపూట చేపలకు రొట్టె వేయొద్దన్నాడు. జనం విన్నారా? వినలేదు. ఏ మతంలోనైనా ఇంతే.

ఇదంతా నాకు చెప్పింది ముంబైలో నాతో పనిచేసిన ఒక బెనె ఇజ్రాయెల్ మిత్రుడు. కొంకణ తీరంలో నూనె గానుగలు ఆడించి, శనివారం మాత్రం ఎద్దులను విప్పేసి 'శనివారపు తేలీలు' అనిపించుకున్న జాతి వాళ్లది. తరవాతి తరాల్లో చాలామంది రైల్వేలో చేరారు. నాదీ రైల్వే పుట్టుకే కాబట్టి మాకు మాట కలిసింది. తెలుగు మాట్లాడే యూదులున్నారా అని ఒకసారి అడిగాడు. గుంటూరు జిల్లా చేబ్రోలు పక్కన కొత్తరెడ్డిపాలెంలో బెనె ఎఫ్రాయీములున్నారని, వాళ్లకు సొంత ప్రార్థనా మందిరం కూడా ఉందని చెబితే నమ్మడానికి కొంత సమయం తీసుకున్నాడు.

మాది ఖరగ్‌పూర్. బెంగాల్ నాగ్‌పూర్ రైల్వే వేసిన ఊరు. వర్క్‌షాపులో పనికి శ్రీకాకుళం, విశాఖ వైపు నుంచి వెళ్లిన కుటుంబాలు అక్కడే ఉండిపోయాయి. 2020 డిసెంబర్‌లో పశ్చిమ బెంగాల్ మంత్రివర్గం తెలుగుకు అధికార గుర్తింపు ఇచ్చిందంటే మా సంఖ్య ఊహించుకోవచ్చు. మా వైపు పెద్దలకు పెట్టుకునేది సంక్రాంతికి. కానీ తెల్లవారుజామున రేడియోలో 'మహిషాసుర మర్దిని' విని, మహాలయ అమావాస్యనాడు నదిలో దిగి తర్పణం వదలడం నాన్నకు బెంగాల్ నేర్పింది. మిడ్నాపూర్ దారిలో కాసాయి నది ఉంది. మోకాళ్ల లోతు నీళ్లు, బోలెడు ఇసుక.

ఆ ఇసుకలోకి నాన్న, చిన్నాన్న వేర్వేరు రిక్షాల్లో వచ్చేవారు. ఇద్దరూ ఒకే వర్క్‌షాపు, నింపురాలో పక్క పక్క వీధుల్లో క్వార్టర్లు. టెక్కలి దగ్గర తాతగారి నలభై సెంట్ల భూమి నాన్న పేరనే ఉండిపోయింది. 1987 నుంచి మాటల్లేవు. పది గజాల దూరంలో నిలబడి, ఒకే గోత్రం, ఒకే తండ్రి పేరు చెప్పి నువ్వులూ నీళ్లూ వదిలేవారు. గోత్రాన్ని బెంగాలీ పురోహితుడు ఖూనీ చేస్తే ఇద్దరూ ఒకేసారి సరిదిద్దేవారు. అన్నదమ్ముల మధ్య ఉమ్మడిగా మిగిలింది అదొక్కటే. 2008లో చిన్నాన్న పోయాడు.

2011లో మహాలయ సెప్టెంబర్ 27న, రోష్ హషానా 29న వచ్చాయి. రెండూ చాంద్రమానం లెక్కలే కాబట్టి చాలా ఏళ్లు ఇలా పక్కపక్కనే పడతాయి, అధికమాసాల తేడా వల్ల కొన్నేళ్లు నెల ఎడం వస్తుంది. మా వాళ్లు కూడా నీళ్లలోనే వదిలేస్తారని మిత్రుడికి గొప్పగా చెప్పాను. అతను నవ్వాడు. తష్లిఖ్‌తో పని అయిపోదట. తొమ్మిది రోజుల తరవాత యోమ్ కిప్పుర్ ఉపవాసం. ఆ రోజు కూడా దేవుడు తన బాకీ మాత్రమే మాఫీ చేస్తాడు. మనిషికి చేసిన అన్యాయం ఆ మనిషి దగ్గరే తేల్చుకోవాలి, కాదంటే మూడుసార్లు అడగాలి. అవతలి మనిషి చనిపోయి ఉంటే? పది మందిని వెంటబెట్టుకుని సమాధి దగ్గరికెళ్లి ఒప్పుకోవాలి.

ఆ రాత్రి ఫోన్‌లో నాన్నకు ఇది చెప్పాను. "పది మందెందుకు?" అన్నారు. సాక్ష్యానికేమో అన్నాను. "మనకు సమాధులు లేవు కదా" అని పెట్టేశారు.

మరుసటి ఏడు మహాలయకు నేను ఇంట్లోనే ఉన్నాను. తాత పేరు తరవాత నాన్న చిన్నాన్న పేరు కూడా చెప్పి నీళ్లు వదిలారు. రెండోసారి మరికాస్త గట్టిగా చెప్పారు, పురోహితుడికి వినపడలేదని. తిరిగొచ్చేటప్పుడు ఇంటికి కాకుండా పిన్ని దగ్గరికి పోనివ్వమన్నారు. ఆవిడ టీ పెట్టింది. ఎవరో అప్పటికే చెప్పినట్టున్నారు.

"నీళ్ల మీద ఆయన పేరు చెప్పారట. మంచిదే బావగారూ. కాగితం మీద ఎప్పుడు చెబుతారు?" అంది.

నాన్న గ్లాసు కింద పెట్టలేదు, టీ తాగనూ లేదు. పావుగంట తరవాత లేచి వచ్చేశారు. దారిలో నేను ఏమీ అడగలేదు.

2013 సంక్రాంతి సెలవులయ్యాక ఒక్కరే రైలెక్కి పలాసలో దిగి, అక్కడి నుంచి టెక్కలి వెళ్లి ఇరవై సెంట్లు పిన్ని పేర రాయించి వచ్చారు. స్టాంపు ఖర్చులు కూడా తానే పెట్టుకున్నారు. ఆ ముక్క పిన్ని ఇంకా అమ్మలేదు. కౌలు డబ్బుల్లో నాన్నకు వాటా పంపాలా వద్దా అని మాత్రం ఏటా నన్ను అడుగుతుంది.