దోసకాయకి పోపు వద్దు

మా నాన్న పనిచేసిన ఉక్కు కర్మాగారాన్నీ, నేనిప్పుడు కాపురముంటున్న పేటకి పేరు తెచ్చిన ఉక్కు కర్మాగారాన్నీ సోవియట్ సాయంతోనే కట్టారు. రెండూ పంటపొలాల మీదే లేచాయి. విశాఖలో 1971 జనవరి 20న ఇందిరాగాంధీ శంకుస్థాపన చేస్తే, జాతికి అంకితమయ్యేసరికి 1992 ఆగస్టు వచ్చింది. పోలండ్‌లో క్రాకోవ్ అంచున నేనుండే నోవా హుతా కట్టుబడి 1949లో మొదలైంది, 1954లో మొదటి బ్లాస్ట్ ఫర్నేసు వెలిగింది. మనవాళ్లు ఫర్నేసులకి గోదావరి, కృష్ణ, అన్నపూర్ణ అని పేర్లు పెట్టుకున్నారు. అక్కడ కర్మాగారానికి లెనిన్ పేరు పెట్టారు. మా తాత పొలం ప్లాంటు కింద పోయింది, నిర్వాసితులకిచ్చే ఆర్ కార్డు మీద మా నాన్నకి ఉద్యోగం వచ్చింది. అక్కడ మొగీవా, ప్లేషూఫ్ లాంటి పల్లెలు మంచి సారమున్న నల్లమట్టి భూములు వదులుకున్నాయి.

దోసకాయ సలాడ్ గురించి రాద్దామని కూర్చుని ఇదంతా చెబుతున్నానంటే కారణముంది. నాకు ఆ సలాడ్ నేర్పిన మా కింది వాటా పెద్దావిడ కూడా అలా పొలం పోయిన ఇంటి ఆడపడుచే. ఆవిడ భర్త రోలింగ్ మిల్లులో చేసి రిటైరయ్యి, కొన్నేళ్ల కిందట పోయారు. ఆ రోజుల్లో కార్మికులకి ఊరి అంచున చిన్న చిన్న తోట చెక్కలు ఇచ్చేవారు. వాటిని జావ్కా అంటారు. ఆవిడకి ఇప్పటికీ ఒకటుంది. దాంట్లో నాలుగు పండ్ల పొదలు, రెండు ఆపిల్ చెట్లు, ఉల్లి, బంగాళాదుంప, దోసపాదులు. పొలం పోయిన మనిషి చేతికి మిగిలిన మట్టి అంతే. జూన్ ఆఖర్లో కాపు మొదలైతే ఆవిడ ఇంట్లో రోజూ మధ్యాహ్న భోజనంలో మిజేరియా ఉండాల్సిందే.

మిజేరియా అంటే పల్చగా తరిగిన కీరా దోసకాయ ముక్కల్ని పుల్లటి మీగడలో కలపడం. చెప్పుకోడానికి అంతే. ఉప్పు, మిరియాల పొడి, చిటికెడు పంచదార, కాస్త నిమ్మరసం, పైన సోయకూర. హైదరాబాదు వాళ్లకి సోయకూర బాగా తెలుసు, మా విశాఖ వాళ్లకి అంత అలవాటు లేదు. నోవా హుతాలో మిల్క్ బార్లని ఇప్పటికీ ప్రభుత్వ రాయితీతో నడిచే చవక భోజనశాలలున్నాయి. అక్కడ కూడా ఉడికించిన బంగాళాదుంప పక్కన చిన్న గిన్నెలో ఇదే పెడతారు. పండగ వంట కాదు, షిఫ్టు దిగి వచ్చిన మనిషి తినే తిండి. ఎనిమిది గంటలు వేడి దగ్గర నిలబడి వచ్చినవాడికి ఏం కావాలో మా అమ్మకీ తెలుసు, ఆవిడకీ తెలుసు. మా నాన్న బి షిఫ్టు దిగి వస్తే అమ్మ ముందు మజ్జిగ గ్లాసు అందించి, తర్వాతే కంచం పెట్టేది.

ఆవిడ నేర్పుతుంటే, దోసకాయ తొక్క తీయడం దగ్గరే నేను ఆగిపోయి చూశాను. ఆవిడ తొడిమ వైపు నుంచి మొదలుపెట్టలేదు. పువ్వు రాలిన కొస నుంచి తొడిమ వైపుకి కత్తి నడిపింది. తొడిమ దగ్గర ఒక అంగుళం కోసి పారేసి, తర్వాతి బిళ్ల నోట్లో వేసుకుని చేదు చూసింది. మా అమ్మ పప్పులోకి దోసకాయ కోసేటప్పుడు చేసేది సరిగ్గా ఇదే. దోసకాయలో చేదు ఎక్కువగా తొడిమ చుట్టూ, తొక్క కిందా ఉంటుంది. అరకిలో కాయల్లో ఒక్కటి చేదైనా గిన్నె అంతా పాడవుతుంది కాబట్టి ప్రతి కాయా రుచి చూడాల్సిందే.

తరిగే మందం ముఖ్యం. బిళ్లని వెలుతురుకి పట్టుకుంటే అవతల వేళ్లు మసగ్గా కనిపించాలి. అరకిలోకి అర చెంచా ఉప్పు చల్లి పావుగంట వదిలెయ్యాలి. దోసకాయలో నూటికి 95 వంతులు నీళ్లే. ఉప్పు ఆ నీటిని బయటికి లాగుతుంది. అప్పుడు రెండు చేతుల్తో పిండాలి. నేను మొహమాటంగా నొక్కుతుంటే ఆవిడ ‘‘గట్టిగా పిండమ్మాయ్, ఇక్కడ వదలని నీళ్లు రేపు మీగడలో వదుల్తాయి’’ అంది. పిండాక ముక్కలు మెత్తబడి, మడత పెట్టినా విరగవు. కొరికితే మాత్రం కరకరమంటాయి. ఆ దశకి రాకుండా మీగడ కలిపితే కాసేపటికే గిన్నె అడుగున పల్చటి నీళ్లు తేలతాయి.

ఇక మీగడ. అక్కడ కొట్లో శ్మియెతానా అని 12 శాతం, 18 శాతం, 30 శాతం కొవ్వుతో డబ్బాలుంటాయి. మిజేరియాకి 18 శాతానిది కొంటారు. విశాఖలో అది దొరకదని మొదట్లో అనుకునేదాన్ని. సెలవులకి గాజువాకలో మా ఇంటికి వచ్చినప్పుడు అమ్మ ఫ్రిజ్ తెరిస్తే వెనక అరలో స్టీలు గిన్నె కనిపించింది. రోజూ పాల మీద తీసిన మీగడ పోగేసి, నిండాక చెంచాడు పెరుగుతో తోడు వేసిన గిన్నె. మర్నాడు చిలికి వెన్న తీసి, నెయ్యి కాచడానికి. వేలితో తీసి నాలిక మీద వేసుకున్నాను. అదే పులుపు, అదే చిక్కదనం, గరిటె నుంచి జారకుండా ఒక్క క్షణం వేలాడే ఆ బరువు. పోలండ్ వాళ్లు డబ్బాలో అమ్మేది మన ఇళ్లలో వెన్న చిలికే ముందురోజు ఉండేదే. తేడా ఒకటే, మనం అక్కడ ఆగం. వెన్న దాకా, నెయ్యి దాకా వెళ్లిపోతాం.

కాబట్టి చెయ్యాలనుకునేవాళ్లకి దారి సులువు. తోడుకున్న మీగడ ఒక కప్పు తీసుకోండి. మరీ చిక్కగా ఉంటే రెండు చెంచాల గట్టి పెరుగు కలపండి. పోగేసిన మీగడ లేకపోతే పెరుగుని పల్చటి బట్టలో కట్టి, ఫ్రిజ్‌లోనే రెండు మూడు గంటలు వేలాడదీసి, కొట్లో దొరికే ఫ్రెష్ క్రీమ్ నాలుగు చెంచాలు చేర్చండి. విశాఖ ఉక్కలో పెరుగు బయట ఉంటే గంటల్లో పులిసిపోతుంది, అందుకే ఫ్రిజ్‌లో అన్నాను. రైతుబజారులో లేత కీరా కాయలు ఏరుకోండి, గింజ ముదిరినవి వద్దు. సోయకూర దొరకని రోజు ఉల్లికాడల పచ్చభాగం సన్నగా తరిగి వెయ్యండి, పోలండ్‌లోనూ అలా వేసుకునేవాళ్లున్నారు. కొత్తిమీర మాత్రం వెయ్యకండి, వేస్తే అది పెరుగు పచ్చడి వైపు నడిచిపోతుంది.

ఆ సెలవుల్లోనే నేనిలా చేస్తుంటే అమ్మ పక్కనే నిలబడి చూస్తోంది. నేను గిన్నె మూత పెట్టబోతుంటే ‘‘ఏటే, పోపెయ్యవా?’’ అంది. అప్పటికే మూకుడు పొయ్యి మీద పెట్టేసింది కూడా.

‘‘వద్దమ్మా. దీనికి పోపుండదు.’’

‘‘ఆవాలు, ఇంగువ లేకుండా పెరుగేటే?’’

ఈ ఒక్క విషయంలో నేను పట్టు వదలను. మన పెరుగు పచ్చడికి పోపే ప్రాణం. అల్లం, పచ్చిమిర్చి, కరివేపాకు, ఇంగువ ఘుమఘుమ, ఆ కిటుకు ఎవరో గొప్పవాళ్లు కనిపెట్టినదే, దాన్ని నేను తక్కువ చెయ్యను. కానీ దాన్ని తెచ్చి దీని నెత్తిన పోస్తే దీనిది అంటూ ఏమీ మిగలదు. మిజేరియాలో మొదట తెలిసేది పచ్చి దోసకాయ వాసన, తోటలో కాయ తెంపినప్పుడు వేళ్లకి అంటే వాసన. దాని వెనక సోయకూర, దాని వెనక మీగడ పులుపు. ఆవాలు చిటపటలాడిన నూనె పడితే ఆ మూడూ పోతాయి. విదేశాల్లో మనవాళ్లు కలిసినప్పుడు ‘‘వీళ్లకి వండుకోవడం రాదు, అన్నీ చప్పిడి’’ అన్న మాట చాలాసార్లు వింటాను. ఆ మాట నాకు కష్టంగా ఉంటుంది. చప్పిడి అని మనం కొట్టిపారేసే దాంట్లో ఆ మనుషులు ఏం వెతుక్కుంటున్నారో ఒక్కసారి వాళ్ల పద్ధతిలోనే తిని చూడాలి. భూమి పోగొట్టుకుని, అరచేతంత చెక్కలో పండించుకున్న కాయని మసాలాతో కప్పెయ్యాలని ఎవరికనిపిస్తుంది?

నోవా హుతాలో ఒకప్పుడు 40 వేలకి దగ్గరగా పనిచేసేవారు. 2019లో ఆగిన ఆఖరి బ్లాస్ట్ ఫర్నేసు మళ్లీ వెలగలేదు, 2020లో శాశ్వతంగా మూసేస్తున్నామని ప్రకటించారు. మరుసటి ఏడాది జనవరిలో విశాఖ ఉక్కుని పూర్తిగా అమ్మేయాలని కేంద్రం నిర్ణయించింది. ఆ నిర్ణయానికి నిరసనగా కూర్మన్నపాలెం కూడలిలో వేసిన శిబిరంలో మా నాన్న తోటివాళ్లతో కూర్చున్న ఫొటో పంపితే, కింది వాటా ఆవిడకి చూపించాను. ఫొటోని చాలాసేపు పెద్దది చేసి చూసి, ‘‘మీ వాళ్ల ఫర్నేసు వెలుగుతోందా?’’ అని అడిగింది. వెలుగుతోందని చెప్పాను. ‘‘ఆరనివ్వొద్దని చెప్పు మీ నాన్నకి’’ అంది. నాన్నకి ఆ మాట అలాగే చెప్పాను.

భోజనాల వేళ అమ్మ వంజరం వేపుడు, అన్నం, పప్పుచారు పెట్టింది. బంగాళాదుంపలు కూడా ఉడికించి వెన్న రాశాను గానీ, నాన్న వాటి జోలికి వెళ్లలేదు. మిజేరియాని వేపుడు ముక్కతో తిన్నారు, తర్వాత అన్నంలో కలుపుకున్నారు. ‘‘చలవగా ఉందమ్మా’’ అని ఇంకో గరిటె వేయించుకున్నారు. అమ్మ మూకుడు దించేసింది. రెండు రోజుల తర్వాత తనే చేసింది, నాకంటే పల్చగా తరిగి, నాకంటే గట్టిగా పిండి. పోపు పెట్టలేదు. నాన్న పచ్చిమిరపకాయ కావాలంటే ఒకటి కడిగి కంచం పక్కన పెట్టింది, గిన్నెలో మాత్రం వెయ్యనివ్వలేదు.